బావి కప్ప పాట

నా పెళ్ళిలో నాకు ఏడుపు రాలేదు.

మా లంబాడీలలో అత్తగారింటికి వెళ్ళే పిల్ల ఊరికే కన్నీళ్ళు పెట్టుకుంటే సరిపోదు, పాడుతూ ఏడవాలి. తల్లి మెడ పట్టుకుని, తండ్రి కాళ్ళు పట్టుకుని, చిన్నప్పుడు పెంచుకున్న మేకపిల్లను కూడా పేరు పెట్టి పిలుస్తూ రాగం తీయాలి. దాన్ని ఢావ్లో అంటారు. తండాల్లో పెరిగిన ఆడపిల్లలకు అది నడక వచ్చినట్టే వచ్చేస్తుంది. నేను పెరిగింది భూపాలపల్లిలో, బొగ్గుబాయి క్వార్టర్లలో. చదివింది హన్మకొండ కాలేజీలో. నోరు తెరిస్తే రాగం రాలేదు సరికదా, నవ్వొచ్చింది. మా మేనత్త చటుక్కున నా మొహం మీద కొంగు కప్పి, నా బదులు తానే ఏడ్చింది. కొంగు కింద నేను నవ్వు ఆపుకోలేక అవస్థ పడుతుంటే, పక్కన పెళ్ళికొడుకు భుజాలు కూడా కదలడం కనిపించింది. ఈయనతో నాకు బాగానే పొసగుతుంది అనుకున్నాను.

అది పోయిన ఎండాకాలం. నేను చెప్పబోయేది ఆ తర్వాత వచ్చిన సకల జనుల సమ్మె కాలం సంగతి. ఇంట్లో మేం మాట్లాడుకున్నది మా లంబాడీలోనే అయినా, చదివేవాళ్ళ కోసం తెలుగులో రాస్తున్నాను.

మా అత్తగారి తండా కేసముద్రానికి దగ్గరే. ఇంట్లో ముగ్గురమే. మా ఆయన ప్రేమ్‌చంద్, మా అత్త కాళి, నేను. ఆయన పక్క ఊరి బడిలో విద్యా వాలంటీరు. ఏడిపించడానికి ఆయన్ని "సారూ" అని పిలిచేదాన్ని. ఆ రోజుల్లో నాకు ఏది చూసినా సంబరమే. చిక్కుడు పాదు మీద పొద్దున్నే నిలిచిన నీటిచుక్కలు, ఆయన లుంగీ పక్కన తీగ మీద ఆరేసిన నా చీర, అత్త జొన్నరొట్టె కొట్టే చప్పుడు, అన్నిటికీ నవ్వేదాన్ని. "దీనికి నవ్వుల రోగం ఉన్నదిరా" అని అత్త కొడుకుతో అనేది, అంటూ తనూ నవ్వేది. ఆమె నవ్వు మాత్రం పెదాల దగ్గరే ఆగిపోయేది.

నా సంబరాల్లో ఒకటి నా ఫోను. అది మోగితే కప్ప పాడేది.

*ఆవ్రెఛో ఆవ్రెఛో, టప్పుటకం ఆవ్రెఛో!*
*బుడుంగు బుడుంగు గిలకల బింద, ఆవ్రెఛో!*

ఏ దేశంవాళ్ళు తీశారో తెలియదు, తెలుగులోకి మార్చిన ఒక బొమ్మల సినిమాలోది. రాకుమారుడు దారి తప్పి పాడుబడ్డ బావి దగ్గరికి వస్తాడు. అందులోంచి ఒక లావుపాటి కప్ప మూతి పైకెత్తి ఈ పాట పాడుతుంది. పాడి మునిగిపోతుంది. కథకూ దానికీ సంబంధం లేదు. పాటకు అర్థమూ లేదు. ఆ సినిమాలో రాకుమారుడు పుస్తకాల భాష మాట్లాడతాడు. వంటవాడు, దొంగ, కప్ప మాత్రం మన యాస మాట్లాడతారు. క్వార్టర్లలో మొదటిసారి టీవీలో వచ్చినప్పుడు మా బాపు "మనమంటే కప్పలకు కూడ అలుసేనా" అని టీవీ కట్టేశాడు. నాకు మాత్రం ఆ కప్ప నచ్చేసింది. హాస్టల్లో పరీక్షల ముందు మంచాలెక్కి గెంతుతూ అదే పాడుకునేవాళ్ళం.

పెళ్ళయిన కొత్తలో నా ఫోను మోగినప్పుడల్లా మా ఆయన మొహం అదోలా అయ్యేది.

"ఆ పాట తీసెయ్యరాదు?" అన్నాడు ఒకనాడు.

"ఎందుకు సారూ? కప్ప ఏం పాపం చేసింది?"

గోడ వైపు తిరిగాడు. "గా కప్ప నేనే" అన్నాడు.

చదువుకోవడానికి హైదరాబాదు పోయిన రోజుల్లో, సినిమాలకు గొంతులిచ్చే ఒక స్టూడియోలో కోరస్ పాడేవాడట. కప్పకు పాడాల్సిన మనిషి రాకపోతే ఈయన్ని మైకు ముందు నిలబెట్టారట. నేను మంచం మీద నుంచి దూకాను. "ఓ యాడీ! నేను కప్పను చేసుకున్ననా!" అని కేక పెట్టబోతే ఆయన నా నోరు మూశాడు.

"యాడీకి మాత్రం చెప్పకు" అన్నాడు. యాడీ అంటే అమ్మ. అత్తను నేనూ అలాగే పిలుస్తాను. "సదువుకోరా అంటే పాటలు పాడినవా అంటది."

అంతే కాబోలు అనుకున్నాను. కానీ ఆ గొంతును దాచడం ఎవరి తరం? సంజీవ పట్టేశాడు. సంజీవ మా అత్త చెల్లెలి కొడుకు, తల్లి లేదు, మా పక్కిల్లే. డప్పు కొడితే పడుకున్న ఎద్దు కూడా లేచి నిలబడేది. దేవ్‌సింగ్ అనే పెద్దకొడుకు పోయాక మా అత్త ఇతన్నే పెద్దకొడుకులా చూసుకునేదని తండాలో అనేవాళ్ళు.

"వదినా, గీ కప్పకు మా అన్న గొంతు ఎట్లొచ్చిందే?" అన్నాడు, నా ఫోను మోగగానే తలుపులోంచి తల పెట్టి.

"నాకేం ఎరుక? మీ అన్ననే అడుగు."

"అడుగుడెందుకు? జర బ్లూటూత్ ఆన్ చెయ్."

సంజీవ ఫోన్లోకి వెళ్ళిన కప్ప తండాలో ప్రతి ఫోన్లోకి దూరింది. పశువులు తోలుకుపోయే పిల్లలు దాన్నే పాడేవాళ్ళు. సంజీవ భార్య సుమన వడ్లు చెరుగుతూ "టప్పుటకం" అనేది, చేట కూడా ఆ తాళానికే లేచేది. అత్త ఒక్కతే ఏమీ అనేది కాదు. నా ఫోను మోగగానే లేచి, ఇంటి వెనక పశువుల దొడ్లోకి వెళ్ళిపోయేది. పెద్దామెకు ఫోను మోత పడదేమో అనుకున్నాను.

మా అత్తకు తండాలో ఒక పెద్దరికం ఉండేది. చుట్టుపక్కల ఏ తండాలో ఎవరు పోయినా కబురు ముందు ఆమెకే వచ్చేది. ఆమె వెళ్ళి, పోయినవాళ్ళ తల దగ్గర కూర్చుని, పేరు పెట్టి పిలుస్తూ ఏడుపు పాట పాడేది. కాళి వచ్చి పిలవకపోతే మనిషిని సాగనంపినట్టు కాదని అందరి నమ్మకం. నేను కాపురానికి వచ్చాక ఎవరూ పోలేదు. అందుకని ఆమె పాట నేను వినలేదు.

బతుకమ్మ ఇంకా రాకముందే సమ్మె మొదలైంది. బళ్ళు మూసేశారు. బస్సులు ఆగిపోయాయి. కేసముద్రం మార్కెట్ యార్డుకు తాళం పడింది, పత్తి లారీలు రోడ్డు పక్కన వరసగా నిలిచిపోయాయి. భూపాలపల్లిలో బాయిలు బంద్. మా బాపు ఫోన్ చేసి, "బొగ్గు పెళ్ల ఒక్కటి పైకి వస్తలేదు బిడ్డా! చెల్పూర్ల కరెంటు తీసే పొయ్యిలు సల్లారుడే ఇగ" అన్నాడు. ఆయన గొంతులో అంత హుషారు నా పెళ్ళిలో కూడా వినలేదు. నాకైతే మా ఆయన రోజంతా ఇంట్లో ఉండటమే పండగ. తెలంగాణ వచ్చినా రాకపోయినా ఈ సమ్మె ఇంకొన్నాళ్ళు సాగితే బాగుండు అని దొంగచాటుగా కోరుకునేదాన్ని.

ఒకరోజు కేసముద్రం స్టేషన్లో పట్టాల మీద వంటావార్పు పెట్టారు. రైళ్ళు లేని పట్టాల మధ్య రాళ్ళు పేర్చి పొయ్యిలు వెలిగించారు. ఆడవాళ్ళంతా గంజులు మోసుకొచ్చారు. రైలు పట్టా మీద కూర్చుని, మొగుడి పక్కన కిచిడీ తినడం ఎంతమంది కొత్త పెళ్ళికూతుళ్ళకు దొరుకుతుంది! నేను రెండుసార్లు పెట్టించుకున్నాను.

తిన్నాక ప్లాట్‌ఫారం మీద పాటలు. మార్కెట్ హమాలీల పెద్దమనిషి సోమనర్సయ్య మైకు పట్టుకున్నాడు. పొడుగాటి మనిషి, బొంగురు గొంతు. మా ఆయన ముందు రెండు ఉద్యమం పాటలు పాడాడు. జనం చప్పట్లు కొట్టారు, ఊరుకున్నారు. అప్పుడు సంజీవ డప్పు మీద సన్నగా వేళ్ళతో మోగించాడు. టప్పుటకం, టప్పుటకం. వెనకనుంచి ఎవరో "కప్ప పాట!" అని అరిచారు.

"అది వద్దురా" అన్నాడు మా ఆయన, మైకులో పడేట్టుగానే.

సోమనర్సయ్య ఆయన భుజం మీద చెయ్యేశాడు. "ఎందుకొద్దు సారూ? రాకుమారునికి మంచి భాష ఇచ్చి మన యాసను కప్పకు పెట్టిండ్రు. ఎన్నేండ్లు నవ్విండ్రు మనల జూసి! ఇప్పుడు గదే కప్పతోని వాళ్ళకు జవాబు చెప్పుదాం. ఏమంటరు?"

జనం ఓ అని అరిచారు. సంజీవ కొత్త మాటలు అప్పటికే కట్టి పెట్టుకున్నాడు కాబోలు, డప్పు ఎత్తి తనే అందుకున్నాడు.

*బాయిల కప్ప బయటికొచ్చె, ఆవ్రెఛో!*
*మా యాస జూసి నవ్వినోడా, ఆవ్రెఛో!*

ఇక ఆగలేదు. హమాలీలు గంతులేశారు. నల్లకోట్లు వేసుకున్న వకీళ్ళు, బడిపంతుళ్ళు, తలమీద కిచిడీ గంజు పెట్టుకున్న ఆడవాళ్ళు, అందరూ "ఆవ్రెఛో" అంటున్నారు. మా ఆయన్ని ముందుకు తోశారు. కప్ప గొంతు పెట్టి పాడాడు. నేను ఎగిరెగిరి చప్పట్లు కొట్టాను. జనం మధ్యలోంచి చూస్తే ఆయన మొహం నాకు సరిగా కనిపించలేదు.

ఆటోలు లేవు. పట్టాల వెంబడే నడిచి ఇంటికి బయలుదేరాం. నేను ఇంకా పాడుతూనే ఉన్నాను. ఆయన ఆగి, "అనితా, జర ఊకో" అన్నాడు.

అలా ఎప్పుడూ అనలేదు నన్ను. ఊరుకున్నాను.

"అన్న బావిల పోయిండు. ఎరికే కదా?"

ఎరుకే. దేవ్‌సింగ్ బావి తవ్వే కూలికి పోతే ఒడ్డు కూలి మీద పడిందని పెళ్ళి మాటలప్పుడే చెప్పారు.

"మట్టి తీసేదాక యాడీ ఒడ్డు మీదనే కూసున్నది. పిలుసుకుంటనే ఉన్నది. ఆవ్ రే ఛోరా, ఆవ్ రే. పైకి రారా కొడుకా, రా. బువ్వ సల్లగైతాంది, రా. గిలకల బింద నిండింది, రా. పొద్దు గూకేదాక గదే. వాడు రాలే. పీనుగు వచ్చింది." ఆయన కంకర రాయి ఒకటి కాలితో జరిపాడు. "గప్పటి సంది ఎవలు పోయినా గదే పాట, వాళ్ళ పేరు పెట్టి పాడుతది. ఇంకో పాట రాదు ఆమెకు."

నాకు మెల్లగా అర్థమవుతోంది. అర్థం కాకపోతే బాగుండును అనిపించింది. "మరి కప్ప?"

"స్టూడియోల తెర మీద బావి చూపెట్టిండ్రు. ఏదో ఒకటి పాడవయ్యా, అర్థం ఉండొద్దు, నవ్వు రావాలి అన్నడు పాట జేసేటాయన. బావి చూడంగనే నా నోట్లకు అదే వచ్చింది. నేను తేలే, అదే వచ్చింది. 'భలే ఉందయ్యా, ఇంకొంచెం స్పీడుగా కానియ్' అన్నడు. స్పీడ్ పెంచిన. ముక్కలు ముక్కలు చేసిన. గొంతు కీచుగ పెట్టిన. అందరు పడి పడి నవ్విండ్రు. నాకు గూడ నవ్వొచ్చింది. 'ఇదేమన్నా భాషా? అర్థమేమైనా ఉందా?' అని అడిగిండు."

"నువ్వేమన్నవ్?"

"లేదు సార్ అన్న."

నా చేతిలో ఖాళీ టిఫిను డబ్బాలో గరిటె కదులుతూ ఒకటే చప్పుడు. దాన్ని రెండు చేతులతో పట్టుకున్నాను.

"యాడీకి చెప్పాలె" అన్నాడు. "ఎవలన్న చెప్పకముందే నేనే చెప్పాలె. కని చెప్పినంక ఆమె మళ్ళ ఆ పాట పాడగలుగుతదా? గదొక్కటే ఉన్నది ఆమెకు. అన్నకు ఫొటో గూడ లేదు."

ఇంటికి రాగానే నా ఫోన్లో పాట తీసేసి మామూలు గంట పెట్టాను. మరునాడు చెబుతానన్నాడు ఆయన. ఆ మరునాడు కూడా అలాగే అన్నాడు. ఈలోగా సంజీవ కట్టిన మాటలతో పాట మానుకోట దాకా పోయిందని, జనగామలో ఎవరో ఊరేగింపులో పాడారని కబుర్లొచ్చాయి. సంజీవ అవన్నీ మా గుమ్మంలో నిలబడి చెబుతుంటే, అత్త గొడ్లకు గడ్డి వేస్తూ వింటూ ఉండేది.

బతుకమ్మ వచ్చి వెళ్ళింది. దసరా అయ్యింది. బొగ్గు పైకి రాక కరెంటు పోయింది. పొలాలకు ఎప్పుడిస్తారో ఎప్పుడు తీస్తారో తెలియదు. వరి పొట్ట మీద ఉంది. మడిలో నేల నెర్రెలిచ్చింది. సంజీవ పొద్దంతా మోటారు దగ్గరే కాపు కాసేవాడు.

"మీ బాపుకు జర ఫోన్ చెయ్యి వదినా" అనేవాడు నవ్వుతూ. "రెండు బుట్టల బొగ్గు దొంగతనంగ మీదికి పంపుమను. నా మడి తడిసినంక మళ్ళ సమ్మె చేసుకోమను."

"మా బాపు ఇంటే తంతడు నిన్ను."

"తన్నని. ముందు తడవని."

ఆ మధ్యాహ్నం నేను, సుమన మా అరుగు మీద పల్లికాయ ఒలుస్తున్నాం. లోపల బల్బు వెలిగింది. తండా పిల్లలంతా "కరెంటొచ్చింది!" అని అరిచారు. పక్కింట్లో సంజీవ అన్నం ముందు కూర్చున్నవాడు ఎంగిలి చేత్తోనే లేచాడు. "తిని పో" అని సుమన అంటూనే ఉంది. "గింతల పోతదే!" అంటూ చెయ్యి కడుక్కుని, తడిచెయ్యి తువ్వాలకు తుడుచుకుంటూ పరిగెత్తాడు. దారిలో కప్ప పాట అందుకున్నాడు. చాలా దూరం దాకా వినిపించింది.

మోటారు స్టార్టరు డబ్బాకు సంజీవ చెయ్యి అంటుకుపోయి ఉందని, కట్టెతో కొట్టి విడిపించామని మోసుకొచ్చినవాళ్ళు చెప్పారు. కరెంటు అప్పటికే మళ్ళీ పోయింది. సుమన ఆ అన్నం గిన్నె మీద మూత పెట్టింది. మూత తీసి, మళ్ళీ పెట్టింది. ఆమె ఏడవలేదు. ఏమీ అర్థం కానట్టు మా అత్త వైపు చూస్తూ కూర్చుంది.

మానుకోట దవాఖాన నుంచి మరునాడు పొద్దున శవాన్ని తెచ్చారు. వాకిట్లో తాటాకు చాప మీద పడుకోబెట్టారు. తండా అంతా వచ్చింది. సమ్మె శిబిరం నుంచి సోమనర్సయ్య వాళ్ళు జెండాలు పట్టుకుని వచ్చి గోడ పక్కన నిలబడ్డారు. బడులు లేవు కాబట్టి పిల్లలు కూడా అందరూ ఉన్నారు, ముందు వరసలో.

మా అత్త స్నానం చేసి వచ్చింది. వెండి కడియాలు తీసేసింది. సంజీవ తల దగ్గర కూర్చుని, అతని నుదుటి మీద చెయ్యి పెట్టింది. మా ఆయన నా పక్కన నిలబడి నా మణికట్టు పట్టుకున్నాడు.

ఆమె మొదలుపెట్టింది.

నేను అలాంటి గొంతు వినలేదు. ఎక్కడో లోతునుంచి బరువైన చేదను మెల్లగా పైకి లాగినట్టు ఉంది. ఆవ్ రే సంజీవా, ఆవ్ రే. ఒక్కో మాటకూ మధ్య ఊపిరి ఆగేంత ఎడం. లేచి రా కొడుకా, రా. బువ్వ మీద మూత పెట్టింది నీ పెండ్లాము, రా. సుమన వెక్కింది. మొదటిసారి ఆమె కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. గిలకల బింద నిండింది, రా. ఆవ్ రే.

ముందు వరసలో ఒక చిన్నపిల్ల పక్కదాని మొహం చూసింది. మోచేత్తో పొడిచింది. ఇద్దరూ నవ్వు బిగబట్టుకున్నారు. వాళ్ళ తప్పు కాదు. వాళ్ళకు తెలిసిన పాట అది. అత్త మళ్ళీ "ఆవ్ రే" అనగానే, వెనకనుంచి ఇంకో చిన్న గొంతు ఆగలేక "టప్పుటకం" అంది.

కిసుక్కుమన్నారు పిల్లలు. ఎవరో తల్లి చటుక్కున వీపు మీద ఒక్కటి వేసింది. "నోరు ముయ్యిండ్రి!" అన్నాడు సోమనర్సయ్య పళ్ళ బిగువున. అంతా సర్దుకుంది. అత్త ఆగలేదు, ఇంకో వరస అందుకుంది. కానీ అప్పటికే ఆమె మూసుకున్న కళ్ళు తెరిచింది. ఆమె చూసిన చోటుకే నేనూ చూశాను. జెండా పట్టుకున్న ఒక కుర్ర హమాలీ, కళ్ళనిండా నీళ్ళతోనే, తెలియకుండా పాదంతో తాళం వేస్తున్నాడు. టప్పుటకం, టప్పుటకం.

అత్త గొంతు ఆగిపోయింది. తగ్గిపోవడం కాదు, చేంతాడు తెగినట్టు ఆగిపోయింది. పైట కొంగు తీసి నోటికి అడ్డం పెట్టుకుంది.

"యాడీ" అంది సుమన. "యాడీ, పాడు."

అత్త తల అడ్డంగా ఊపింది.

"పాడు యాడీ. పిలువు. ఇంటోన్ని గిట్లనే తోలుతరా? పిలువకుంటనే?" అంటూ సుమన ఆమె కాళ్ళు పట్టుకుంది. అత్త సుమన తలను ఒళ్ళో పెట్టుకుని నిమురుతూ కూర్చుందే గాని నోటిమీది కొంగు తీయలేదు. కాసేపు చూసి, పెద్దవాళ్ళు ఇక లేపుదామన్నారు. సంజీవను పాట లేకుండా తీసుకుపోయారు. కొట్టేవాడే పోయాడు కాబట్టి డప్పు కూడా లేదు.

ఆ సాయంత్రం నేను అత్త పక్కన పొయ్యి దగ్గర కూర్చున్నాను. ఏదో ఒకటి చెయ్యాలనిపించింది. "నాకు నేర్పియ్యి యాడీ. నేను పాడుత" అన్నాను.

"నేర్చుకునేది కాదు బిడ్డా. నీకు ఇంకా ఎవలు పోలే" అంది. "నీకు రావద్దు."

సమ్మె ఆగిపోయింది. వాయిదా వేశామన్నారు. తెలంగాణ రాలేదు. బస్సులు నడిచాయి, బళ్ళు తెరిచారు, బాయిల్లోకి మళ్ళీ మనుషులు దిగారు. కరెంటు వేళకు రావడం మొదలైంది. సంజీవ వరి అప్పటికే తాలు పోయింది. సుమన పుట్టింటికి వెళ్ళింది. చలికాలంలో పక్క తండాలో ఒక ముసలాయన పోతే, మా ఇంటికి కబురు రాలేదు. ఆ దారినే పోతున్నవాళ్ళు చెబితే తెలిసింది. అత్త "పోయిండా" అని, చేస్తున్న పని చేసుకుంది.

మా ఆయన ఆ రోజే చెప్పాడు. దొడ్లో ఆవు పాలు పిండుతున్న ఆమె వెనక నిలబడి, స్టూడియో, బావి, సార్‌కు తను చెప్పిన మాట, ఒక్కటీ దాచకుండా చెప్పాడు. పాలధార ఆగలేదు.

"నాకెరికే" అంది అత్త. "కోడలి ఫోను మొదటిసారి మోగిన్నాడే ఎరికైంది."

"మరి అడగలేదేంది యాడీ?"

"అడిగితే తీసేపిస్తవు." ఆమె చెంబు పక్కన పెట్టింది. "పెద్దోన్ని పిలిచిన పాట, చిన్నోని గొంతుల. మీ ఇద్దరు ఒక్క కాడ ఇనవడ్డరు నాకు. మీ ముంగట ఏడ్వద్దని ఈడికొచ్చి ఇనేదాన్ని."

నేను గుంజకు ఆనుకుని నిలబడ్డాను. ఇన్నాళ్ళూ ఫోను మోత పడక వెళ్ళిపోతోంది అనుకున్నాను.

"అనితా, ఫోనుల ఉన్నదా ఇంకా? పెట్టు" అంది.

సంజీవ ఫోను సుమన నాకు ఇచ్చి వెళ్ళింది. అందులో ఉంది. పెట్టాను. కప్ప పాడింది. అత్త ఫోను చెవి దగ్గర పెట్టుకుని చివరిదాకా వింది.

"ఇది జర మెల్లగ పాడదా?"

"పాడదు యాడీ."

ఆమె కొడుకు వైపు తిరిగింది. "నువ్వు పాడు. నేను పాడినట్టు. నాకు ఇగ వస్తలేదు."

మా తండాల్లో మగవాళ్ళు ఏడుపు పాట పాడరు. అయినా ఆయన గడ్డిమోపు మీద కూర్చున్నాడు. కళ్ళు మూసుకున్నాడు. ఆవ్ రే ఛోరా, అన్నాడు. ఆవ్ రే. బాగానే వచ్చింది. అత్త ముందుకు వంగింది. పైకి రారా కొడుకా, రా. మూడో వరసలో గొంతు కొంచెం వణికి, కీచుగా మారింది. ఆయన ఆపి, గొంతు సవరించుకుని మళ్ళీ మొదలుపెట్టాడు. మళ్ళీ అక్కడే. ఎంత పట్టుకున్నా ఆ గొంతు తనంతట తానే పరిగెడుతోంది, దిగుడు దారిలో బండిలాగా. బువ్వ సల్లగైతాంది దగ్గరికి వచ్చేసరికి అచ్చంగా కప్పే పాడుతోంది. ఆయన కళ్ళలోంచి నీళ్ళు కారుతున్నాయి, నోట్లో కప్ప ఆగడం లేదు.

అత్త లేచి వెళ్ళి, ఆయన నోటి మీద మెత్తగా చెయ్యి పెట్టింది. "చాలు కొడుకా."

గోడ అవతల బడినుంచి వస్తున్న పిల్లలు విన్నారు. ఆయన ఎక్కడ ఆపాడో అక్కడినుంచి అందుకున్నారు, సంజీవ కట్టిన మాటలతో.

*బాయిల కప్ప బయటికొచ్చె, ఆవ్రెఛో! ఆవ్రెఛో!*

బ్యాగులు చరుస్తూ, గెంతుతూ తండా వీధిలోంచి వెళ్ళిపోయారు. పాట దూరమయ్యేదాకా అత్త అటే చూస్తూ నిలబడింది.

"నేను పిలిస్తే పెద్దోడు రాలే" అంది. "వీళ్ళు పిలిస్తే వచ్చిండు."

చెంబు తీసుకుని మళ్ళీ ఆవు పక్కన కూర్చుంది. దూడను విడువమని నాకు చెప్పింది. విడిచాను.